మా సర్వర్‌కి పీపీ నంబరు

మొన్నామధ్య ఒక శనివారం రాత్రి 10 గంటలకి కొండాపూర్ నుంచి మావాడొకడు ఫోన్ చేశాడు. "మామా, సర్వర్ లేపాను. ఐపీ వాట్సాప్‌లో పెట్టా, వచ్చెయ్" అని. నేనుండేది నిజాంపేటలో. మా ఇద్దరి మధ్య గట్టిగా పది కిలోమీటర్లు ఉంటుందేమో. ట్రాఫిక్ లేకపోతే బండి మీద అరగంట లోపే. (హైదరాబాదులో ట్రాఫిక్ లేకపోవడం అనేది ఉండదనుకోండి, అది వేరే టపా :))

సరే అని మైన్‌క్రాఫ్ట్ తెరిచి, వాడిచ్చిన ఐపీ, దాని వెనక 25565 అనే పోర్టు కొట్టి, ఎంటర్ నొక్కాను. తిరిగింది, తిరిగింది... "కనెక్షన్ టైమ్డ్ ఔట్". మళ్ళీ కొట్టాను. మళ్ళీ అదే. వాడు రౌటర్‌లో పోర్ట్ ఫార్వర్డింగ్ పెట్టానన్నాడు, విండోస్ ఫైర్‌వాల్ కూడా తీసేశానన్నాడు. పన్నెండు దాటింది. మేమిద్దరం పగలు చేసే ఉద్యోగమేమిటంటే, ఎక్కడో ఉన్న కస్టమర్ల సర్వర్లని ప్రపంచంలో ఎవరైనా అందుకునేలా చూడటం. రాత్రి మాత్రం పది కిలోమీటర్ల అవతల ఉన్న ఫ్రెండు సర్వర్‌ని నేను అందుకోలేకపోయాను. సిగ్గేసింది.

ఆదివారం మా పెద్దమ్మ కొడుకు భోజనానికొస్తే ఈ గోడంతా చెప్పుకున్నాను. అన్నయ్య ఒక్క నవ్వు నవ్వి, "అదేంట్రా, మేము 2006లో ఐదు నిమిషాల్లో కలిపేసుకునేవాళ్ళం. నేను దిల్‌సుఖ్‌నగర్, మావాడు కూకట్‌పల్లి. అదీ 256 కేబీపీఎస్ మీద" అన్నాడు. ఇప్పుడు మా ఇంట్లో ఉన్నది దానికి దాదాపు వెయ్యి రెట్ల స్పీడు. అయినా వాళ్ళు చేసింది నేను చెయ్యలేకపోయాను. ఈ మధ్యలో ఏం జరిగింది? ఆ ప్రశ్న పట్టుకుని వారం రోజులు తవ్వితే దొరికినదే ఈ టపా.

ఇంతకీ ఒక గేము కోసం ఇంత రాద్ధాంతం ఎందుకంటారా? అది కూడా చెప్తాను. మేం నలుగురం ఇంజినీరింగ్ హాస్టల్‌మేట్స్‌మి. 2020 మార్చిలో లాక్‌డౌన్ రాగానే తలో ఊరికీ వెళ్ళిపోయాం. అప్పుడు మొదలుపెట్టాం ఆ మైన్‌క్రాఫ్ట్ లోకాన్ని. రాత్రిళ్ళు కూర్చుని మా కాలేజీ కట్టాం. హాస్టలు, క్యాంటీన్, వాటర్ ట్యాంకు, గోడ దూకే చోటు, అన్నీ ఇటుక ఇటుకా. అప్పట్లో కొండాపూర్ వాడు నెలకింతని కట్టి ఎక్కడో సర్వర్ అద్దెకి తీసుకున్నాడు. ఒకసారి వాడి కార్డు ఎక్స్‌పైర్ అయ్యి, బిల్లు కట్టలేదని ఆ హోస్టింగ్ వాళ్ళు మొత్తం డిలీట్ చేసేశారు. అదృష్టం కొద్దీ ఇంకొకడి లాప్‌టాప్‌లో జిప్ ఫైలు ఒకటుండబట్టి మా కాలేజీ బతికింది. ఈ మార్చిలో కొండాపూర్ వాడి ప్రాజెక్టు మూసేశారు, లిస్టులో వాడి పేరుంది. సర్వర్ అద్దె మేం కడతామంటే "ఖర్చెందుకు రా, నా దగ్గర మెషీనుంది కదా, మా ఇంటికే రండి" అన్నాడు. ఆ మాట తర్వాత మేమెవ్వరం ఇంక డబ్బుల ఊసెత్తలేదు. కాబట్టి, వాడింటికి వెళ్ళడమెలాగ అన్నదే అసలు సమస్య అన్నమాట.

తలుపు తట్టడం ఎలా మొదలైంది

1993 డిసెంబరులో డూమ్ వచ్చింది. నలుగురు కలిసి ఆడుకునే వీలుంది కానీ ఒకే లాన్ మీద, అదీ ఐపీఎక్స్ అనే ప్రోటోకాల్ మీద. మొదటి వెర్షన్లో ఆ గేము పంపే ప్రతి ప్యాకెట్టూ నెట్‌వర్కులో ఉన్న అందరికీ బ్రాడ్‌కాస్ట్ అయ్యేది. అమెరికాలో ఆఫీసు, యూనివర్సిటీ నెట్‌వర్కులు మూలిగాయి, అడ్మిన్లు బ్యాన్ బోర్డులు పెట్టారు. ఆఫీసులో ఆటలాపాలనే నెట్‌వర్క్ టీమ్ చరిత్ర అక్కడ మొదలైంది.

1996లో వచ్చిన క్వేక్ దీన్ని మార్చేసింది. ఒకడు సర్వర్, మిగతావాళ్ళు క్లయింట్లు. సర్వర్ ఎక్కడుందో ఐపీ అడ్రస్ తెలిస్తే చాలు, కొట్టి వెళ్ళిపోవడమే. అదే ఏడాది డిసెంబరులో జాన్ కార్మాక్ క్వేక్‌వరల్డ్ వదిలాడు. డయలప్ మోడెమ్ మీద ఆడేవాడికి ప్రతి అడుగూ ఆలస్యంగా కనబడకుండా, సర్వర్ జవాబు వచ్చేలోపే మన కంప్యూటరే ఊహించి కదిలించడం అందులో పెట్టిన కిటుకు. ఇవాళ మనం ఆడే ఆన్‌లైన్ షూటింగ్ గేముల్లో చాలావాటిలో ఆ కిటుకుంది.

ఈ పద్ధతి వెనక ఒక నమ్మకముంది. నెట్‌లో ఉన్న ప్రతి మెషీనుకీ ఒక అడ్రసుంటుంది, ఎవరైనా ఎవరి తలుపైనా తట్టొచ్చు అని. ఇంటర్నెట్‌ని కట్టినవాళ్ళు కట్టిందే అలా.

అప్పుడు మన దగ్గర?

వీఎస్ఎన్ఎల్ వాళ్ళు 1995 ఆగస్టు 15న నాలుగు మహానగరాల్లో ఇంటర్నెట్ మొదలుపెట్టారు. హైదరాబాదు తర్వాత చేరింది. స్టూడెంట్లకిచ్చే చవక ఖాతా ఉత్త షెల్ ఖాతా, అంటే నల్లటి తెర మీద అక్షరాలే, బొమ్మల్లేవు. మీ కంప్యూటర్‌కి సొంత అడ్రసు కూడా ఉండదు. ఖరీదైన టీసీపీ/ఐపీ ఖాతా ఉన్నవాళ్ళకి మాత్రం డయల్ చేసినప్పుడల్లా అసలు సిసలు పబ్లిక్ ఐపీ వచ్చేది. చూశారా తమాషా! అడ్రసుంది కానీ ఆడేంత వేగం లేదు, పైగా నిమిష నిమిషానికీ ఫోన్ బిల్లు తిరుగుతుంటుంది. అప్పటి లింకుల్లో కొన్ని ఉపగ్రహాల మీద నడిచేవి. భూమికి 36,000 కిలోమీటర్ల పైనున్న ఉపగ్రహానికి వెళ్ళి రావడమంటే ప్రశ్నకీ జవాబుకీ కలిపి దాదాపు అర సెకను. ఆ లోపు క్వేక్‌లో రెండుసార్లు చావొచ్చు.

1998 నవంబరు మన కథలో గుర్తుపెట్టుకోవాల్సిన నెల. ఆ నెలలోనే కేంద్రం ప్రైవేటు కంపెనీలకి ఇంటర్నెట్ తలుపులు తెరిచింది. ఆ నెలలోనే, 22వ తారీఖున, ప్రధాని వాజ్‌పేయి వచ్చి మాదాపూర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభించారు. రాళ్ళ గుట్టల మధ్య ఆ గుండ్రటి బిల్డింగొక్కటే నిలబడున్న ఫొటో మీరూ చూసే ఉంటారు. అంటే హైటెక్ సిటీదీ, మనిళ్ళకొచ్చిన ప్రైవేటు ఇంటర్నెట్‌దీ ఇంచుమించు ఒకే వయసు.

కానీ హైదరాబాదు కుర్రాళ్ళు కలిసి ఆడటం నేర్చుకున్నది ఇంటర్నెట్ మీద కాదు, లాన్ మీద. 1999లో ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 వచ్చింది. కౌంటర్ స్ట్రైక్ అదే ఏడు హాఫ్ లైఫ్‌కి ఒక మాడ్‌గా పుట్టి, 2000లో సొంతంగా అమ్మకానికొచ్చి, 2003లో 1.6 అయ్యి కూర్చుంది. అన్నయ్య మాటల్లో చెప్పాలంటే దిల్‌సుఖ్‌నగర్‌లో ప్రతి సందుకీ ఒక నెట్ సెంటరు, ప్రతి నెట్ సెంటరుకీ ఒక స్విచ్చు, ఆ స్విచ్చుకి ఒక కౌంటర్ స్ట్రైక్. గంటకింతని తీసుకునేవాళ్ళు, ఇంటర్నెట్‌కో రేటు, గేమ్స్‌కో రేటు. సికింద్రాబాదు సీటీసీలో పార్టులు కొని పీసీలు కట్టించుకున్న అపార్ట్‌మెంటు కుర్రాళ్ళు బాల్కనీ నుంచి బాల్కనీకి కేబుల్ లాగి ఆడుకునేవాళ్ళు. వర్షం పడితే ఆట ఆగిపోయేదట :)

లాన్‌లో అడ్రసు సమస్యే లేదు. అందరూ ఒకే గదిలో ఉన్నట్టే లెక్క, కేకేస్తే పలుకుతారు.

అన్నయ్య స్వర్ణయుగం

2004 అక్టోబరులో బ్రాడ్‌బ్యాండ్ పాలసీ వచ్చింది. బ్రాడ్‌బ్యాండ్ అంటే కనీసం 256 కేబీపీఎస్ అని అందులో నిర్వచనం. 2005 జనవరిలో బీఎస్ఎన్ఎల్ డేటావన్ మొదలైంది. మధ్యతరగతి ఇంట్లో ఎప్పుడూ వెలుగుతుండే నెట్ లైటు అప్పుడే చూశాం. నెలకి ఐదొందల ప్లానులో రాత్రి 2 నుంచి పొద్దున 8 దాకా ఎంత వాడినా ఫ్రీ. ఆ రోజుల్లో హైదరాబాదులో సగం మంది కుర్రాళ్ళు అర్ధరాత్రి రెండింటికి అలారం పెట్టుకునేవాళ్ళు. అమ్మానాన్నలేమో చదువుకోడానికి లేచారనుకునేవాళ్ళు.

అన్నయ్య చేసేది ఇది. బ్రౌజర్‌లో 192.168.1.1 కొట్టడం, యూజర్‌నేమ్ అడ్మిన్, పాస్‌వర్డూ అడ్మినే (ఎవరూ మార్చేవాళ్ళు కాదు). లోపల 27015 అనే పోర్టుని తన పీసీకి మళ్ళించడం. తర్వాత తన ఐపీ ఎంతో చూసుకుని యాహూ మెసెంజర్లో కూకట్‌పల్లి వాడికి పంపడం. మోడెమ్ ఆపి వేస్తే ఐపీ మారిపోయేది కాబట్టి రోజూ కొత్తగా చెప్పాలి. అంతే, ఐదు నిమిషాలు. ఐదుగురు ఆడుకునేవాళ్ళు.

ఎందుకు కుదిరింది? ఆ మోడెమ్‌కొచ్చే ఐపీ నిజమైన పబ్లిక్ ఐపీ. రోజూ మారినా, ఆ రోజుకి అది వాళ్ళింటి డోర్ నంబరే.

పీపీ నంబర్లు

ఇక్కడ కొంచెం వెనక్కెళ్ళాలి. మీలో కొంచెం పెద్దవాళ్ళకి పీపీ నంబరు గుర్తుండే ఉంటుంది. ఇంటికి ఫోను లేనివాళ్ళు పక్కింటివాళ్ళ నంబరు ఇచ్చి, పక్కన పీపీ అని రాసుకునేవాళ్ళు. మా ఇంట్లో ఉన్న అమ్మానాన్నల పెళ్ళి శుభలేఖ మీద కూడా పీపీ నంబరే ఉంది. మనం ఫోన్ చెయ్యాలంటే వాళ్ళింటికెళ్ళి చెయ్యొచ్చు. మనకి ఫోనొస్తే మాత్రం ఆ పక్కింటి ఆంటీ మంచిదై, గోడ మీంచి కేకెయ్యాలి.

నాట్ అంటే సరిగ్గా ఇదే. ఇంట్లో నాలుగు మెషీన్లుంటాయి, బయటికి కనపడేది ఒక్క అడ్రసే. లోపల్నుంచి బయటికి వెళ్ళే పిలుపుకి ఇబ్బందేం లేదు, జవాబు అదే దారిలో వెనక్కొస్తుంది. బయట్నుంచి కొత్తగా ఎవరైనా వస్తే ఎవరికివ్వాలో రౌటర్‌కి తెలీదు, కింద పడేస్తుంది. పోర్ట్ ఫార్వర్డింగ్ అంటే ఆంటీకి ముందే చెప్పి పెట్టుకోవడం. "27015 అని ఎవరైనా అడిగితే మా అబ్బాయికే అండీ, కాస్త పిలవండి" అని.

ఈ నాట్‌ని 1994 మే నెలలో ఎగెవాంగ్, ఫ్రాన్సిస్ అనే ఇద్దరు ఆర్‌ఎఫ్‌సీ 1631గా రాశారు. ఐపీవీ4 అడ్రసులు మొత్తం 429 కోట్లు, అవి అయిపోయేలా ఉన్నాయని అప్పటికే గాభరా మొదలైంది. అసలు మందు వచ్చేదాకా తాత్కాలికంగా ఇది వాడండి అన్నారు. అసలు మందు ఐపీవీ6, దాని మొదటి ఆర్‌ఎఫ్‌సీ 1995 డిసెంబరులో వచ్చింది. మన దేశంలో తాత్కాలికం అనే మాటకి ఎంత ఆయుష్షుంటుందో ప్రత్యేకంగా చెప్పాలా? ఇంటర్నెట్‌లో కూడా అంతే.

ఈ పత్రాలు చదువుతుంటే ఒక పేరు దగ్గర కళ్ళాగిపోయాయి. 1999 ఆగస్టులో నాట్ పరిభాషని నిర్వచించిన ఆర్‌ఎఫ్‌సీ 2663, 2001 జనవరిలో 1631 స్థానంలో వచ్చిన 3022, రెండిట్లోనూ పైడా శ్రీసురేశ్ అనే పేరుంది. పైడా అన్న ఇంటిపేరు కాకినాడ వైపు వాళ్ళకి కొత్తేం కాదు. ప్రతి ఇంటి రౌటర్లోనూ ఉన్న ఈ సంగతికి పేర్లు పెట్టినవాళ్ళలో ఇలాంటి పేరొకటి ఉందని నాకింతవరకూ తెలీదు. అమీర్‌పేటలో నెట్‌వర్కింగ్ కోచింగ్ తీసుకున్న మనవాళ్ళెంతమంది ఆ నిర్వచనాలు బట్టీ కొట్టారో!

ఇంకా బాగున్న విషయం, అదే శ్రీసురేశ్ 2005లో బ్రయాన్ ఫోర్డ్, డాన్ కెగెల్‌లతో కలిసి యూజ్‌నిక్స్ సదస్సులో ఒక పేపరు రాశారు. నాట్ వెనకున్న ఇద్దరు నేరుగా మాట్లాడుకోవడం ఎలా అన్నది దాని విషయం. అంటే గోడ కొలతలు రాసినాయనే ఆ గోడకి కన్నం వెయ్యడం ఎలాగో కూడా రాశారు :) ఆ కన్నం పేరు హోల్ పంచింగ్. దాన్ని మొదట బయటపెట్టింది ఈ డాన్ కెగెలే, అదీ నెట్‌లో గేములాడుకునేవాళ్ళ అవస్థ చూసి.

కిటుకేమిటంటే, ఇద్దరికీ తెలిసిన మూడోవాడొకడు పబ్లిక్ అడ్రసుతో ఉంటాడు. ఇద్దరూ వాడితో మాట్లాడతారు. ఒకడి బయటి నంబరు ఇంకొకడికి వాడు చెప్తాడు. ఇద్దరూ ఒకేసారి ఒకళ్ళకొకళ్ళు ప్యాకెట్లు పంపుకుంటారు. ఇక్కడి రౌటరు "మావాడే ముందు పిలిచాడు, ఇది దానికి జవాబు" అనుకుని తలుపు తీస్తుంది. అక్కడి రౌటరూ అలాగే అనుకుంటుంది. 2004లో వచ్చిన హమాచీ ఇలాంటి పనే చేసి కాలేజీ కుర్రాళ్ళకి దేవుడైంది. ఇవాళ్టి టెయిల్‌స్కేల్, వాట్సాప్ కాల్సు, అన్నిటి వెనకా ఈ ఆలోచనే.

ఎస్టీడీ బూత్ రోజులు మళ్ళీ

2011 ఫిబ్రవరి 3న ప్రపంచ స్థాయిలో ఐపీవీ4 అడ్రసుల గోదాము ఖాళీ అయింది. అదే ఏడాది ఏప్రిల్ 15న మన ఆసియా పసిఫిక్ వాళ్ళ వాటా చివరి మూటకొచ్చింది, అప్పట్నుంచి రేషనే. సరిగ్గా అప్పుడే మన దేశంలో జనం నెట్ మీదకి రావడం మొదలైంది! అమెరికాలో కొన్ని యూనివర్సిటీలకి, కొన్ని కంపెనీలకి ఒక్కోదానికి కోటికి పైగా అడ్రసులు ముందే రాసిచ్చేశారు. ఆలస్యంగా పంక్తిలో కూర్చున్న మనకి మిగిలింది అడుగూబొడుగూ. పెళ్ళిలో చివరి బంతికి గారెలుండవు చూడండి, అలాగ.

దాంతో ప్రొవైడర్లు ఏం చేశారంటే, నాట్ మీద ఇంకో నాట్ పెట్టారు. ఒక పబ్లిక్ అడ్రసు వెనక వందలాది ఇళ్ళు. దీన్ని క్యారియర్ గ్రేడ్ నాట్, సీజీనాట్ అంటారు. 2012 ఏప్రిల్‌లో ఆర్‌ఎఫ్‌సీ 6598 దీనికోసమే 100.64.0.0/10 అనే ముక్కని పక్కన పెట్టింది. కొండాపూర్ వాడి రౌటర్ లోపల చూస్తే వ్యాన్ ఐపీ 100తో మొదలైంది, బయట సైట్లో చూస్తే ఇంకేదో నంబరు. అప్పుడు వెలిగింది బల్బు.

ఇది పీపీ నంబరు కూడా కాదు, ఎస్టీడీ బూత్. మీరెళ్ళి ఎవరికైనా ఫోన్ చేసుకోవచ్చు. మీకు మాత్రం ఎవరూ చెయ్యలేరు. పక్కింటి ఆంటీని బతిమాలొచ్చు, బూత్ ఓనర్‌కి మీరెవరో కూడా తెలీదు. మావాడు కస్టమర్ కేర్‌కి ఫోన్ చేస్తే అవతలమ్మాయి చాలా మర్యాదగా "సర్, స్పీడ్ వస్తోంది కదా సర్, ఇంకేంటి సర్ ప్రాబ్లమ్?" అంది. నిజమే పాపం. ఆవిడ లెక్కలో నెట్ అంటే డౌన్‌లోడ్. స్టాటిక్ ఐపీ కావాలంటే నెల నెలా అదనంగా కట్టాలిట. ఉద్యోగం పోయినవాడికి చెప్పాల్సిన మాటేనా అది?

ఈ లోపల గేము కంపెనీలు కూడా దారి మార్చాయి. 2009 నవంబరులో మోడర్న్ వార్‌ఫేర్ 2 పీసీలో డెడికేటెడ్ సర్వర్లు తీసేసింది. 2010లో స్టార్‌క్రాఫ్ట్ 2 లాన్ మోడ్ లేకుండా వచ్చింది, పక్క పక్కన కూర్చున్నా కంపెనీ సర్వర్‌కి వెళ్ళి రావాల్సిందే. 2014 మే 31న గేమ్‌స్పై సేవలు మూసేస్తే, దాని మీద ఆధారపడ్డ పాత గేముల ఆన్‌లైన్ ఆట చాలావరకు అక్కడితో సరి. ఫ్రెండు ఐపీ కొట్టి వెళ్ళే వీలున్నవి మాత్రం ఇంకా ఆడుతూనే ఉన్నాయి. 1996 నాటి క్వేక్‌ని ఇప్పటికీ జనం ఆడుతున్నారంటే అందుకే.

అవతలి పక్షం

వాదన ఒకవైపే చెప్తే అన్యాయమవుతుంది. మా ఆఫీసులో సెక్యూరిటీ టీమ్ సీనియర్ ఒకాయనకి ఇదంతా చెప్తే, "బాబూ, 2003 మర్చిపోయావా, అప్పటికి నువ్వు పుట్టావా?" అన్నారు. పుట్టాను గానీ ఒకటో రెండో క్లాసు. ఆ ఏడు జనవరిలో స్లామర్, ఆగస్టులో బ్లాస్టర్. పబ్లిక్ అడ్రసుతో నేరుగా నెట్‌కి తగిలించిన విండోస్ మెషీను, ప్యాచ్ వేసుకునే లోపే పురుగు పట్టి కూర్చునేది. నాట్ కోట్లమంది ఇళ్ళకి ఊరికే వచ్చిన గొళ్ళెం. అన్నయ్య వాళ్ళ అడ్మిన్, అడ్మిన్ పాస్‌వర్డుతో తలుపు బార్లా తెరుచుకుని కూర్చోవడం వీరత్వమేం కాదు, అమాయకత్వం. పైగా ఐపీ తెలిస్తే ఆటలో ఓడిపోయినవాడు కోపంతో నెట్ లైన్ ముంచేసే రోజులివి. వాల్వ్ లాంటి కంపెనీలు ఆటగాళ్ళ ఐపీలు బయటపడకుండా తమ రిలేల గుండా పంపడానికి అదీ ఒక కారణం.

ఒప్పుకుంటాను. కానీ గొళ్ళెం వేసుకోవడానికీ, ఇంటికసలు తలుపే పెట్టకపోవడానికీ తేడా ఉంది కదండీ. గొళ్ళెం నా చేతిలో ఉండాలి. తియ్యాలో వద్దో నేను చూసుకుంటాను.

మళ్ళీ డోర్ నంబరు

ఇక అసలు మందు, ఐపీవీ6. 2010 జూలైలోనే టెలికాం శాఖ దీనికో రోడ్‌మ్యాప్ వేసింది. ఏళ్ళ తరబడి పీపీటీల్లోనే ఉండిపోయింది. 2016 సెప్టెంబరు 5న జియో వచ్చింది. కోట్లమందికి ఒకేసారి ఇవ్వడానికి ఐపీవీ4 ఎక్కడుంది? అందుకని మొదట్నుంచీ ఐపీవీ6 మీదే కట్టారు. దాని దెబ్బకి ఇండియా ఇవాళ ఐపీవీ6 వాడకంలో ప్రపంచంలోనే ముందు వరసలో ఉంది. చివరి బంతిలో కూర్చున్నవాళ్ళకి కొత్త వంట ముందుగా దొరికిందన్నమాట. మీ చేతిలో ఫోనుకి ఈ క్షణాన బహుశా సొంత పబ్లిక్ ఐపీవీ6 అడ్రసుంది.

టెయిల్‌స్కేల్ వేసుకుంటే మా పని పది నిమిషాల్లో అయిపోయేదే. కానీ మాకు మొండితనం పట్టుకుంది. ఏ మూడోవాడూ లేకుండా వాడింటి తలుపు తట్టాలి, అంతే. తర్వాతి శనివారం కూర్చున్నాం. కొండాపూర్ వాడి లైన్లో ఐపీవీ6 ఉంది, రౌటర్లో అది ఆఫ్ చేసి ఉంది. ఆన్ చేశాడు. మెషీన్‌కి పొడుగాటి అడ్రసొచ్చింది. రౌటర్ ఫైర్‌వాల్ ఐపీవీ6లో కూడా బయట్నుంచొచ్చేవాటిని ఆపుతుంది (ఆపాలి కూడా), అందులో 25565 ఒక్కదానికి అనుమతిచ్చాడు. మా ఇంటి లైన్లో ఐపీవీ6 లేదు. ఏం చెయ్యాలా అని చూస్తే ఫోను పక్కనే ఉంది. హాట్‌స్పాట్ ఆన్ చేశాను. ఆ పొడుగాటి అడ్రసుని చదరపు బ్రాకెట్లలో పెట్టి, కోలన్, 25565, ఎంటర్.

రెండు సెకన్లు. మా కాలేజీ గేటు.

వాడప్పటికే లోపలున్నాడు, క్యాంటీన్ మెట్ల మీద నిలబడి. "టీ చెప్పనా?" అని టైపు చేశాడు. వైజాగ్ వాడు కూడా హాట్‌స్పాట్ మీదే వచ్చాడు. డాలస్ వాడికి అప్పుడు పొద్దున పదకొండున్నర. వాడింటి లైన్లో ఐపీవీ6 ముందునుంచే ఉంది, వాడికి తెలీదంతే. నలుగురం వాటర్ ట్యాంకు పైనెక్కి కూర్చున్నాం. రాత్రి రెండు దాకా పెద్దగా ఆడిందేం లేదు, కబుర్లే. ఇంటర్వ్యూలెలా జరుగుతున్నాయని ఎవరూ అడగలేదు, మధ్యలో వాడే చెప్పాడు. సర్వర్ కట్టేసే ముందు, "వచ్చినందుకు థ్యాంక్స్ రా" అన్నాడు. కొండాపూర్ నుంచి ఆ మాట నేరుగా వచ్చింది, మధ్యలో ఎవరి సర్వరూ లేకుండా.

మైండ్‌స్పేస్ నుంచి ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్ దాకా మనం పొద్దస్తమానం ఎవరెవరి సర్వర్లకో దారులు వేస్తుంటాం. మనింటికి దారుందో లేదో ఒక్కసారి చూసుకోవడంలో తప్పులేదేమో. ఇవాళ ఇంటికెళ్ళాక మీ రౌటర్ పేజీ తెరిచి వ్యాన్ ఐపీ చూడండి. 100.64కీ 100.127కీ మధ్యలో ఉంటే మీరూ ఎస్టీడీ బూత్‌లోనే ఉన్నారు. ఆ పక్కనే ఐపీవీ6 అనే గడి ఉంటుంది. అది ఆఫ్‌లో ఉంటే ఆన్ చెయ్యండి. (పాస్‌వర్డు ఇంకా అడ్మినే అయితే, దయచేసి ముందు అది మార్చండి :))

ఆ తర్వాత చాలా రోజులుగా మాట్లాడని ఫ్రెండెవరైనా ఉంటే, వాడికో అడ్రసు పంపండి.